పాళెము వెలుపలివారి హక్కు



తిరుమల కొండకు నడిచి వెళ్లు యాత్రికులు అలిపిరి యొద్ద మెట్లెక్కుదురు. వెనుకటి దినములలో, యాత్రాస్థలములన్నిటియందువలెనే, అట్టి దారుల ప్రక్కను పెద్దరోగము కలవారు సత్తు గిన్నె ముందుంచుకొని కూర్చుండెడివారు. వారు పుట్టుకతో భిక్షగాండ్రు కారు. ఒకనికి ఊరిలో మడిచెక్క యుండెను. ఒకతెకు మగడును బిడ్డలును ఉండిరి. ఒంటిమీద స్పర్శలేని మచ్చ కనబడిన దినమున ఇల్లు పోయెను, ఊరు పోయెను, చివరకు పేరు సహితము పోయెను. రోగము పేరే వారి పేరాయెను.

అట్టివారిని గూర్చి ఆనాటి చట్టము ఏమి చెప్పెనో మనలో అనేకులు ఎరుగరు. 1898లో బ్రిటిషు ప్రభుత్వమువారు కుష్ఠరోగుల చట్టమును చేసిరి. పుండ్లు పడిన రోగి బహిరంగముగా బిచ్చమెత్తినను, జీవనాధారము కనబడక తిరిగినను, పోలీసువాడు వారంటు లేకుండ అతనిని పట్టుకొనవచ్చును. పరీక్షాధికారి రోగియని వ్రాసియిచ్చిన తరువాత మేజిస్ట్రేటు అతనిని ఆశ్రమమునకు పంపవచ్చును. అక్కడనుండి తప్పించుకొనిపోయినయెడల మరల పట్టి తేవచ్చును. చట్టము వర్తించునని ప్రభుత్వము ప్రకటించిన తావులలో రోగులు తినుబండములు అమ్మకుండను, ఊరబావిలో నీళ్లు తోడకుండను, బాడుగబండి ఎక్కకుండను నిషేధించుటకు వీలుండెను.

ఈ చట్టములో ఒక సంగతి గమనింపవలెను. పట్టుకొనుమని చెప్పినది బీదవానిని మాత్రమే. మేడలో నివసించు రోగిని ఏ పోలీసువాడును పట్టుకొనలేదు. రోగము ఒక్కటే, గోడ మాత్రము బీదవానికే. మరియొక సంగతియు కలదు. మొలొకాయి దీవిలో రోగులతో కలిసి జీవించి 1889లో చనిపోయిన ఫాదర్ డేమియన్ జ్ఞాపకార్థము ఏర్పడిన నిధి ద్వారా ఒక కమిషను 1890, 91 సంవత్సరములలో మన దేశమంతట తిరిగి, ఈ రోగము సులభముగా అంటునది కాదనియు, బలవంతముగా రోగులను వేరుచేయుట వలన ప్రయోజనము లేదనియు అభిప్రాయపడెను. పండితులు అట్లు చెప్పిన కొలది యేండ్లకే చట్టము వచ్చెను. భయము ముందర జ్ఞానము నిలువలేదు.

ఆ కాలమున రోగిని తాకి పుండు కడిగినవారిలో మిషనెరీలు ముందుండిరి. వెల్లెస్లీ బెయిలీ దొరగారు 1874లో కుష్ఠరోగుల మిషనును స్థాపించిరి. తెలుగు దేశమున డిచ్‌పల్లిలో డాక్టరు ఇసబెల్ కెర్ దొరసానిగారి ప్రయాసచే 1915లో ఆసుపత్రి వెలసెను. తిరుపతిలో దేవస్థానమువారును ఈ రోగుల కొరకు పూర్ హోమ్ నడిపిరి. అన్నము పెట్టి, కట్టు కట్టి, చనిపోయినప్పుడు పాతిపెట్టు దిక్కు ఈ గృహములు కాక మరి ఎవరుండిరి? ఆ సేవను తక్కువచేసి మాటలాడుట మనకు తగదు.

అయినను సత్యము చెప్పవలెను. ఆనాటి ఆశ్రమములలో అనేకచోట్ల పురుషులను స్త్రీలను వేర్వేరుగా ఉంచిరి. భార్యాభర్తలు కలిసి కాపురము చేయుట కూడదనిరి. రోగము లేని బిడ్డలను తల్లి ఒడినుండి తీసి వేరు గృహమున పెంచిరి. ఇదంతయు మేలు కోరియే చేసిరి. గాని తల్లిని ఎవరైనను అడిగిరా? అన్నము పెట్టినవాడు, అన్నము తినువాని బ్రదుకును గూర్చి తానే నిర్ణయము చేయుట సులభము. ప్రేమ అధికమైనచోట ఈ శోధనయు అధికమే. గృహములో చేర్చుకొనుట కనికరము. చేరినవాని హక్కును కాపాడుట న్యాయము. మొదటిది ఎంత గొప్పదైనను రెండవదానికి బదులు కానేరదు.

తరువాత ఔషధము వచ్చెను. నార్వే దేశపు హాన్‌సెన్ వైద్యుడు 1873లోనే రోగక్రిమిని కనుగొనియుండెను. 1940వ దశకములో సల్ఫోన్ మందులును, 1980వ దశకములో మన దేశమున మొదలైన బహుళౌషధ చికిత్సయు వచ్చి, ఈ రోగమును నయమగు రోగముగా చేసినవి. ఇక గోడ అక్కరలేదు. కాని గోడ కూలినంతమాత్రమున ఇంటి తలుపు తెరచుకొనునా?

ఈ ప్రశ్నకు జవాబు మన పొరుగుననే కనబడెను. చిత్తూరునుండి రాయవేలూరు సుమారు 35 కిలోమీటర్లు. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడువరకు ఈ రెండును ఉత్తర ఆర్కాటు జిల్లాలోనివే. రాయవేలూరు క్రైస్తవ వైద్యశాలలో డాక్టరు పాల్ బ్రాండుగారు 1940వ దశకపు చివర, ముడుచుకొనిపోయిన వ్రేళ్లకు శస్త్రచికిత్స చేసి మరల చాపుటకు వీలు కలిగించిరి. 1955లో సమీపమున కరిగిరి ఆసుపత్రియు వెలసెను. అయితే బాగుపడిన చేతులతో ఇంటికి వెళ్లినవారిలో కొందరు విచారముతో తిరిగి వచ్చిరని బ్రాండుగారు తెలిపిరి. చేతులు చక్కబడెను గనుక జనులు భిక్షము వేయలేదు. మచ్చలు పోలేదు గనుక పని ఇయ్యలేదు. అది చూచి ఆయన 1951లో ఒక చిన్న పల్లెవంటి కేంద్రమును ఏర్పరచి అట్టివారికి చేతిపనులు నేర్పించిరి. వైద్యుడు వ్రేళ్లను చాపగలడు. ఆ చేతిలో కూలి పెట్టవలసినది ఊరు.

చట్టము మరింత ఆలస్యముగా మేలుకొనెను. స్వాతంత్ర్యము వచ్చిన పిమ్మట సహితము 1898 నాటి చట్టము పుస్తకములో నిలిచియే యుండి 2016లో రద్దాయెను. ఒడిశాలో పురపాలక సంఘమునకు ఎన్నికైన ఒకనిని ఈ రోగము కారణముగా అనర్హునిగా చేసిన నిబంధన చెల్లునని 2008లో సుప్రీంకోర్టు తీర్పు చెప్పెను. అట్టి నిబంధన ఇంకను అవసరమా యని శాసనకర్తలు ఆలోచింపవలెనని కూడ సూచించెను. భార్యకుగాని భర్తకుగాని ఈ రోగము వచ్చినయెడల విడాకులు కోరవచ్చునను మాట మన క్రైస్తవుల విడాకుల చట్టములోను, మరికొన్ని వివాహ చట్టములలోను ఉండెను. దానిని 2019లో పార్లమెంటు తీసివేసెను. సుఖదుఃఖములయందు విడువనని బలిపీఠము ఎదుట మాటయిచ్చిన మనము, ఆ మాటకు విరోధమైన చట్టమును గూర్చి ఎన్నడైన ప్రార్థించితిమా?

ఈ సంగతి ఒక్క రోగమునకే చెందినది కాదు. ఇతరుల చేతిక్రింద, నాలుగు గోడల మధ్య నివసించు ప్రతివానికి చెందినది. 2001 ఆగస్టు 6వ తేదీన తమిళనాడులోని ఏర్వాడిలో మతి చలించినవారిని ఉంచిన పాకకు నిప్పంటుకొని 28 మంది కాలిపోయిరి. వారు గొలుసులతో కట్టబడియుండిరి గనుక పారిపోలేకపోయిరి. దేశము సిగ్గుపడెను. 2017లో చేయబడిన మానసిక ఆరోగ్య సంరక్షణ చట్టము అట్టివారిని గొలుసులతో కట్టకూడదనియు, బలవంతముగా పని చేయింపకూడదనియు, చేసిన పనికి తగిన ప్రతిఫలము ఇయ్యవలెననియు, బలవంతముగా తల గొరగకూడదనియు చెప్పుచున్నది. తిరుపతి ప్రాంతమువారికి ఈ చివరి మాట బాగుగా బోధపడును. ఇష్టపడి సమర్పించిన తలనీలాలు మ్రొక్కుబడి. పట్టుకొని గొరిగినది అవమానము. కత్తి ఒకటే, భేదమంతయు ఆ మనిషి సమ్మతిలో నున్నది. కుటుంబము లేదనిగాని, కుటుంబము చేర్చుకొనలేదనిగాని ఒకనిని ఆసుపత్రిలోనే ఉంచివేయకూడదనియు ఆ చట్టము చెప్పుచున్నది. అమెరికా దేశములోను, ప్రభుత్వ గృహములలోను చెరసాలలలోను ఉన్నవారి హక్కులు భంగమైనప్పుడు ప్రభుత్వమే న్యాయస్థానమునకు వెళ్లుటకు 1980లో ఒక చట్టము చేయవలసి వచ్చెను. మనుష్య స్వభావము అంతటను ఒక్కటే. తలుపు వెనుకనున్నవానిని మరచిపోవుట దానికి వాడుక.

మార్కు సువార్త మొదటి అధ్యాయములో ప్రభువు కుష్ఠరోగిని ముట్టి బాగుచేసిన సంగతి మనమెరుగుదుము. తరువాత ఆయన వానిని యాజకునియొద్దకు పంపెను. ఎందుకు? పాళెము వెలుపలివాడు మరల ఊరిలో ప్రవేశించుటకు యాజకుని నిర్ణయము కావలెను. అది లేనిదే దేహము బాగుపడినను వానికి ఇల్లు లేదు, సమాజమందిరము లేదు. ప్రభువు వాని దేహముతో తృప్తిపడలేదు. వాని స్థానమును కూడ వానికి తిరిగి ఇప్పించెను.

సంఘస్థులారా, మన ఊరినుండి వెళ్లి ఆసుపత్రిలోనో, వృద్ధాశ్రమములోనో, అనాథగృహములోనో ఉన్నవారిని లెక్కించుడి. వారి పేరు రేషను కార్డులో ఉన్నదా, ఓటర్ల జాబితాలో ఉన్నదా? వారి పింఛను వారి చేతికే చేరుచున్నదా? అన్నదమ్ములు చేను పంచుకొన్నప్పుడు వారి భాగము మిగిలెనా, లేక దూరమున నున్నాడు గదా యని కలుపుకొనిరా? ఎవరైన సంవత్సరమునకు ఒకసారియైనను వారిని చూడబోయి, పెద్దల ఎదుట కాక ఏకాంతముగా, నీకిక్కడ ఎట్లున్నదని అడిగిరా? పండుగకు పండ్లు పంచి ఫోటో తీసికొని వచ్చుట చాలదు.

వారిలో ఒకడు నయమై తిరిగి వచ్చిన ఆదివారమున, మందిరములో వాడు ఏ చాపమీద కూర్చుండునో చూడుడి. వెనుక గోడ యొద్ద వాడొక్కడే కూర్చుండినయెడల, 1898 నాటి చట్టము మన మందిరములో ఇంకను రద్దు కాలేదు. లేచి వెళ్లి వాని ప్రక్కను కూర్చుండుడి.