ఆరున్నర గంటలు, ఇరవై నిమిషాలు

1954. లండన్‌లో సావిల్ రో. దొరల సూట్లు కుట్టే వీధి, ఎటు చూసినా కత్తెర్లే. బ్రిటిష్ ట్రాన్స్‌పోర్ట్ ఫిల్మ్స్ వాళ్ల పనీ ఆ మాటకొస్తే కత్తెరతోనే. కటింగ్ రూము తలుపు తియ్యగానే ఫిల్మ్ సిమెంటు ఘాటు ముక్కుకు తగులుతుంది. గోడవారన గుడ్డ పరిచిన బిన్ను, పైన మేకులకు వేలాడే ఫిల్మ్ ముక్కలు. ఎడిటర్ జాన్ లెగార్డ్ ఫిల్మ్ నడిపి చూసే మూవియోలా మీదికి వంగి ఉన్నాడు. అడ్డు రాకుండా పక్కన నిలబడండి.

అరచేయంత తెరలో రైలు వస్తోంది. ఎలిజబెతన్ ఎక్స్‌ప్రెస్. కింగ్స్ క్రాస్‌లో కదిలితే 393 మైళ్లూ ఆగకుండా పరిగెత్తి ఎడిన్‌బరోలోనే ఆగుతుంది. ఆరున్నర గంటల ప్రయాణం; దాని మీద సినిమా ఇరవై నిమిషాలు. 35 ఎం.ఎం. ఫిల్మ్ నిమిషానికి 90 అడుగులు నడుస్తుంది. ఉన్నదున్నట్టు చూపాలంటే 35,100 అడుగులు కావాలి. ఇతనికున్న చోటు సుమారు 1,800 అడుగులే.

టకటకమని మూవియోలా. పెడల్ వదిలాడు. ఇంజిన్ వెనక బొగ్గు, నీళ్లు మోసే టెండర్‌లో ఒక ఇరుకు నడవ ఉంది. సగం దారిలో, రైలు పరుగు ఆపకుండానే, పెట్టెలో కూర్చున్న రెండో జట్టు డ్రైవరూ ఫైర్‌మనూ దాంట్లోంచి ఇంజిన్‌లోకి వెళ్లి పని అందుకుంటారు. అది లేకపోతే ఆగకుండా పోవడమన్నదే లేదు. పొలాలూ స్టేషన్లూ క్షణంలో దాటిపోనీ, ఇక్కడ మాత్రం తొందర కూడదు. ఈ షాట్లు తీసిన బిల్లీ విలియమ్స్ చాలా ఏళ్ల తర్వాత ‘గాంధీ’ ఛాయాగ్రహణానికి ఆస్కార్ పంచుకున్నాడు.

మైనపు పెన్సిలుతో ఫ్రేమ్ మీద గీత. కత్తెర ఇంకా పడలేదు. వెనక్కి, ముందుకి, మళ్లీ వెనక్కి. సిమెంటుతో వేసిన అతుకు ఊడదీస్తే ఫ్రేమ్ నష్టం. ఆ చోట నల్ల ఫిల్మ్ పెట్టి కొలత సరిచెయ్యాలి. లేదంటే పక్కన వేరే రీలుగా నడిచే శబ్దం బొమ్మతో కలవదు. ఎక్కువ ఉంచితే తర్వాత తగ్గించుకోవచ్చు. తక్కువైతేనే తంటా.

యుద్ధకాలంలో ‘లిజన్ టు బ్రిటన్’ తీసిన సర్కారీ క్రౌన్ ఫిల్మ్ యూనిట్‌ను 1952లో మూసేశారు. 1949లో ఎడ్గార్ ఆన్‌స్టే నాయకత్వాన మొదలైన ఈ రవాణా యూనిట్ అక్కడివాళ్లకు కూడు పెట్టింది. ‘లిజన్ టు బ్రిటన్’లో హంఫ్రీ జెన్నింగ్స్‌తో సమానంగా పేరు వేయించుకున్న ఎడిటర్ స్టూవర్ట్ మెకాలిస్టర్ కూడా ఇక్కడే చేరాడు. ఎడిటర్‌కు అంత గౌరవం మరెవరైనా ఇవ్వగా చూసింది తక్కువ.

ఈ రీళ్ల మీద ఇక ప్రాసల వ్యాఖ్యానం పడుతుంది. నన్నడిగితే అది దండగ; చక్రాల మోత, క్లిఫ్టన్ పార్కర్ సంగీతం చాలు. అడిగేదెవరు!

కత్తెర పడింది. బ్లేడుతో అంచు గీకి, సిమెంటు రాసి, నొక్కి పట్టాడు. పెడల్. నడవలోంచి బయటికొచ్చిన మనిషి మొహం మీద బొమ్మ కాస్త ఎక్కువసేపే నిలిచింది. ఇంకో ఎనిమిది ఫ్రేములు తియ్యొచ్చు. మళ్లీ పెన్సిలు అందుకున్నాడు.