దేవరగట్టు కర్రలు

మెక్సికో కుస్తీలో ముసుగు పందెం ఉంటుంది. 1952లో ఎల్ సాంటో చేతిలో ఓడిన బ్లాక్ షాడో అందరి ముందూ ముసుగు తీశాడు. మన కర్నూలు జిల్లా హొళగుంద మండలం దేవరగట్టులో పందెం ఇంకా పెద్దది. విజయదశమి అర్ధరాత్రి, మాళమల్లేశ్వరుల కళ్యాణం అయ్యాక, ఉత్సవ విగ్రహాల కోసం నెరణికి, నెరణికి తండా, కొత్తపేట వాళ్ళు ఒకవైపు, చుట్టుపక్కల ఊళ్ళవాళ్ళు ఇంకోవైపు. చేతుల్లో కాగడాలు, ఇనుప రింగులు తొడిగిన కర్రలు. మణి, మల్లాసురుల వధకు గుర్తుగా ఈ బన్ని ఉత్సవం అంటారు.

ఏటా పోలీసులు వస్తారు, ఏటా తలలు పగుల్తాయి. 2025లో ఇద్దరు చనిపోయారు. "కొట్లాట కాదు, మొక్కు" అంటారు ఊరోళ్ళు. సరే, మొక్కే అనుకుందాం. మొక్కుకి కర్ర చాలదా? ఆ ఇనుప రింగులెందుకండీ? ముసుగు పోతే ఇంకోటి కుట్టించుకోవచ్చు, తల పోతే?