ఎల్లవ్వ ఉరఫ్ ఎల్లమ్మ ఉరఫ్ రేణుక

కామారెడ్డి బస్టాండులో ఎల్లారెడ్డి బస్సు కదిలేముందు కండక్టరు ఆ పేరును నాలుగైదుసార్లు గట్టిగా పిలుస్తాడు. పోయినేడు ఒక మధ్యాహ్నం ఆ పిలుపు వింటూ అమ్మ పక్కన కూర్చుని ఉన్నాను. అమ్మ ఒళ్లో ప్లాస్టిక్ సంచి, సంచిలో మూడు కాగితాలు. బడి సర్టిఫికెట్లో ఆమె పేరు రేణుక. బీడీల పి.ఎఫ్. పుస్తకంలో ఎల్లవ్వ. ఆధార్ కార్డులో ఎల్లమ్మ. ముప్పై ఏళ్లు తునికాకు కత్తిరించి, తంబాకు నింపి, దారం చుట్టిన చేతులకు రావలసిన పైసలు రావాలంటే ఈ ముగ్గురూ ఒక్కతేనని అమ్మ రుజువు చెయ్యాలి. "ఎల్లారెడ్డి, ఎల్లారెడ్డి" అని కండక్టరు మళ్లీ అరిచాడు. అమ్మ నవ్వింది. "గాయినకైతే ఒక్కటే పేరు సూడు బిడ్డా" అంది.

ఆ మాట చాలా రోజులు నన్ను వదల్లేదు. నవలల్లో పాత్రల పేర్ల గురించి నా సిద్ధాంత గ్రంథంలో పేజీలకు పేజీలు రాశాను. మా అమ్మ పేరు ఎక్కణ్ణించి వచ్చిందని ఒక్కనాడూ అడగలేదు.

ఎల్ల అంటే సరిహద్దు. తమిళంలో ఎల్లై, కన్నడంలో ఎల్లె, మలయాళంలో ఎల్ల. ఊరి పొలిమేర కాచే తల్లి కనుక ఎల్లమ్మ అయిందంటారు. తమిళనాట ఎల్లైయమ్మన్ అనే పేరు ఈ మాటకు బలమిస్తుంది. కానీ మన భాషలో ఇంకో ఎల్ల కూడా ఉంది. ఎల్లరు, ఎల్లప్పుడు, ఎల్లెడల అన్నప్పటి ఎల్ల. కన్నడంలో ఈ మాట ఇప్పటికీ నిత్య వ్యవహారంలో ఉంది. అందుకే బెళగావి జిల్లా సవదత్తికి పోయే భక్తులు ఎల్లమ్మ అంటే ఎల్లరికీ అమ్మ అని చెప్పుకుంటారు. ఒక ఎల్ల విడదీసేది, ఇంకో ఎల్ల అందరినీ కలుపుకునేది. ఏది అసలుదో తేల్చాలన్న ఆరాటం నాకు లేదు. ఊరి బయట గుడి కట్టి, ఊరందరూ బోనమెత్తే తల్లికి రెండు అర్థాలూ సరిపోతాయి.

మా వైపు యాసలో మూడోది కూడా వినిపిస్తుంది. వెళ్లు అనే మాట మాకు ఎల్లు. కష్టాల్లో బతుకు నెట్టుకురావడాన్ని ఎల్లదీసుడు అంటాం. "ఆయన పోయినంక ముగ్గురు పిల్లల్తోని ఎట్ల ఎల్లదీసినవే అవ్వా" అని అమ్మమ్మను ఎవరో అడగడం నా చిన్నప్పుడు విన్నాను. దీనికీ ఎల్లమ్మకూ భాషాశాస్త్రం ప్రకారం చుట్టరికమేమీ లేదు. అయినా నాకు ఎల్లవ్వ అనగానే ముందు గుర్తొచ్చేది అదే.

ధ్వని కలిసినంత మాత్రాన చుట్టరికం కాదనడానికి ఇంకో ఉదాహరణ మా ఇంట్లోనే ఉంది. మా చిన్నమ్మ మనవరాలు అమెరికాలో పుట్టింది. ఆ పాపకు ఎల్లా అని పేరు పెట్టారు. ఇంగ్లిషులో అది పాత పేరే. పాత జర్మానిక్ భాషల నుంచి వచ్చిందట, దాని మూలానికి 'సమస్తం' అని కొందరు, 'అన్యం' అని కొందరు అర్థం చెప్తారు. స్పానిష్‌లో అవే అక్షరాలు రాసి 'ఎయ్యా' లాగా పలికితే 'ఆమె' అని అర్థం. ఫోన్లో పాప పేరు వినగానే అమ్మ, "మల్లొచ్చిందా ఎల్లవ్వ!" అని పడీ పడీ నవ్వింది. చిన్నమ్మకు కోపమొచ్చింది. ఆమె పెళ్లిపత్రికలో అమ్మ పేరు ఎల్లవ్వ అని పడితే, పేరు మార్చి మళ్లీ అచ్చు వేయించిన మనిషి ఆమె.

ఇక ఆ పేరు చివరి తోక. కన్నడ, మరాఠీ నేలలకు ఆనుకుని ఉన్నందువల్లేమో, మా దగ్గర లింగవ్వ, పోచవ్వ, రాజవ్వ, ఎల్లవ్వ. అవ్వ అంటే అమ్మే. కానీ ఆ తోకను ఎవరు ఉంచుతారు, ఎవరు తీసేస్తారు అన్నదే అసలు సంగతి. గడీల కాలంలో దొరల నోట అవ్వలు లేరు, అయ్యలు లేరు. ఎల్లయ్య ఎల్లిగాడు, ఎల్లవ్వ ఎల్లి. ఒక్క ప్రత్యయంతో మనిషిని సగం చెయ్యవచ్చు. మా అమ్మమ్మను చాలా ఏళ్లు ఎల్లి తల్లి అని పిలిచేవారట. కూతురి పేరు కోసి, ఆ ముక్కతో తల్లిని పిలవడం.

మరి రేణుక ఎక్కణ్ణించి వచ్చింది? బళ్లో పంతులు పెట్టిన పేరు. 1970ల మొదట్లో అమ్మను ఒకటో తరగతిలో చేర్పించడానికి అమ్మమ్మ పోతే, ఆయన "ఎల్లవ్వేం పేరు, రేణుక అని రాస్తున్న, రెండూ ఒకటే" అన్నాడట. ఆయనకు దురుద్దేశం ఉందనుకోను. మంచి చేస్తున్నాననే అనుకుని ఉంటాడు. కానీ రెండూ ఒకటేనా?

రేణువు అంటే ధూళి, పుప్పొడి. మహాభారతం అరణ్యపర్వంలో రేణుక ప్రసేనజిత్తు కూతురు, జమదగ్ని భార్య. స్నానానికి పోయినచోట చిత్రరథుడనే రాజు తన భార్యలతో జలక్రీడలాడుతుంటే చూసి ఒక్క క్షణం చలించింది. జమదగ్ని పసిగట్టాడు. తల్లిని చంపమని కొడుకులకు చెప్పాడు. నలుగురు కదల్లేదు, శాపం తగిలింది. అయిదోవాడు పరశురాముడు గొడ్డలి ఎత్తాడు. మెచ్చి తండ్రి వరాలిస్తానంటే కొడుకు తల్లి ప్రాణం అడిగాడు. దాంతోపాటు ఇంకోటి కూడా అడిగాడు: తనను చంపిన సంగతి ఆమెకు గుర్తుండకూడదని. పరశురాముడి పితృభక్తి గురించి మనకు చాలా చెప్పారు గానీ, ఈ వరం గురించి ఎవరూ ఆగి మాట్లాడరు. రేణుక లేచి కూర్చుంటుంది. అందరికీ తెలిసిందల్లా ఆమెకొక్కతికే తెలియదు. ఆ ఇంట్లోనే మళ్లీ కుండ పట్టుకుని నీళ్లకు పోతుంది.

బైండ్లవాళ్లు జమిడిక వాయిస్తూ చెప్పే ఎల్లమ్మ కథలో ఈ మరుపు లేదు. అక్కడ ఎల్లమ్మ పుట్టలో పుట్టింది. గొడ్డలి వెంటపడితే పరుగెత్తి మాదిగవాళ్ల ఇంట్లో, తోళ్లు నానబెట్టే లందగోలెంలో దాక్కుంటుంది. ఆమెను కాపాడబోయిన ఇంటికీ దెబ్బ తప్పదు. కొన్ని కథనాల్లో అడ్డం వచ్చిన మాదిగ స్త్రీ తల కూడా తెగుతుంది, బతికించేటప్పుడు తలలూ మొండేలూ తారుమారవుతాయి. తమిళనాట మారియమ్మకు చెప్పే కథలోనూ ఈ తారుమారు ఉంది. సగం ఒక కులం, సగం ఇంకో కులం అయిన ఆ స్త్రీ ఇక ఋషి ఇంటికి తిరిగిపోయి ఏం చేస్తుంది? ఊరి ఎల్ల మీద నిలబడింది.

ఈ కథలు నిన్నామొన్నటివి కావు. కాకతీయుల ఓరుగల్లు వీధుల్లో తిరిగే క్రీడాభిరామంలోనే ఏకవీర గుడి ఉంది, పరశురాముడి కథలు పాడే బవనీల ప్రస్తావన ఉంది, మాహురమ్మ పేరు ఉంది. మాహురమ్మ అంటే నాందేడ్ జిల్లా మాహూర్‌లోని రేణుకే. మరాఠీవాళ్లకు ఏకవీర కార్లా గుహల దగ్గర ఉంది. తెలుగు పాఠకులకు ఏకవీర అంటే విశ్వనాథ నవల గుర్తొస్తుంది. ఎల్లవ్వ అక్కచెల్లెళ్లలో ఒకామె అంత మర్యాదగా గ్రంథాలయంలో కూర్చుని ఉందని నాకు చాలా ఆలస్యంగా తెలిసింది. ఇవాళ గుళ్ల బోర్డుల మీద ఎక్కువగా రేణుకా ఎల్లమ్మ అని రెండూ కలిపి రాస్తున్నారు. బల్కంపేటలో ఏటా ఆషాఢంలో జమదగ్నితో కల్యాణం కూడా చేస్తారు. ఆ మరుపు వరం ఇంకా పనిచేస్తూనే ఉందనిపిస్తుంది.

ఇక్కడ నా ఇంటి సంగతి కూడా చెప్పాలి. మేం గౌండ్లోళ్లం. ఎల్లమ్మ మా ఇంటి దేవత. పిల్లలు దక్కక అమ్మమ్మ మొక్కుకుంది, దక్కిన పిల్లకు ఆ పేరు పెట్టుకుంది. మొక్కు అంతటితో తీరింది. మాదిగవాడలో అదే దేవత పేరిట అదే మొక్కు పిల్లనే అడిగేది. ఆడపిల్లను ఎల్లమ్మకో పోచమ్మకో జోగినిగా విడిచేవారు. కామారెడ్డి, ఎల్లారెడ్డి 2016 దాకా ఉమ్మడి నిజామాబాదు జిల్లాలోనివే. ఆ జిల్లాలో జోగినుల మధ్య హేమలతా లవణం పనిచేశారు. శాంతిప్రబోధ 'జోగిని' నవల రాశారు. కర్ణాటకలో 1982లో, మన దగ్గర 1988లో నిషేధ చట్టాలొచ్చాయి. లందగోలెంలో దాక్కున్న తల్లిని మా ఇంట్లో పూజిస్తాం. ఆ గోలెం ఉన్న ఇంటివాళ్లను మా అమ్మమ్మ గడప దాటి రానివ్వలేదు. మా అమ్మ పేరుకు న్యాయం అడిగేటప్పుడు ఇది దాచిపెట్టడం నాకు చేతకాదు. అదే బీడీల కార్ఖానాలో అమ్మ పక్కన చాట పట్టుకు కూర్చున్న ఇంకో ఎల్లవ్వకు బడి సర్టిఫికెట్ లేదు. పిల్లల కాగితాల్లో తండ్రి పేరు రాయమన్న గడి దగ్గర ఆమె ఎన్నిసార్లు ఆగిపోయిందో అమ్మ చూసింది.

ఎల్లారెడ్డి సంగతికొస్తే, దోమకొండను ఏలిన కామినేని వంశంలోని అన్నదమ్ముల పేర్లే ఈ రెండు ఊళ్లకూ వచ్చాయని ఇక్కడ చెప్పుకుంటారు. షట్చక్రవర్తి చరిత్ర రాసిన మల్లారెడ్డి ఆ వంశంవాడే. మగపిల్లవాడికైనా ఎల్ల అనే పేరు ఎక్కువగా ఆ తల్లి మొక్కు వల్లనే వస్తుంది. కానీ రెడ్డి అనే తోక ఉన్నందుకు అది పట్టణమైంది, అసెంబ్లీ నియోజకవర్గమైంది. ఎల్లారెడ్డిని సంస్కరించి ఇంకేదో పేరు రాయాలని ఏ పంతులుకూ అనిపించలేదు.

ఆరోజు నోటరీ దగ్గర అఫిడవిట్ టైపు చేయించాం. ఎల్లవ్వ ఉరఫ్ ఎల్లమ్మ ఉరఫ్ రేణుక అని మొదటి లైను. గుమాస్తా తలెత్తి "అమ్మా, వీటిల్ల మీ అసలు పేరేంది?" అన్నాడు. అమ్మ ఆలోచించలేదు. "మా అవ్వ పెట్టింది ఎల్లవ్వ" అంది. అయితే సంతకం పెట్టమని పెన్ను ఇచ్చాడు. అమ్మ బళ్లో నేర్చుకున్నట్టే, ఒక్కో అక్షరం ఒత్తి, రేణుక అని రాసింది. అది తప్ప ఆమెకు ఇంకో సంతకం రాదు. పి.ఎఫ్. పుస్తకంలో పేరుతో కలవట్లేదని ఆయన ఇంకో కాగితం టైపు చేసి, స్యాహీ డబ్బీ ముందుకు జరిపాడు. అమ్మ బొటనవేలు ఒత్తి, చీరకొంగుకు తుడుచుకుంది. ఇంకా జవాబు రాలేదు.