లూసున్ కథలో రెండు భాషలు

పాయకరావుపేట నియోజకవర్గంలోని ఎస్.రాయవరంలో 1862లో పుట్టిన గురజాడ అప్పారావు 1910లో 'దిద్దుబాటు' కథను వాడుక భాషలో వెలువరించాడు. 1914లో మద్రాసు విశ్వవిద్యాలయానికి సమర్పించిన డిసెంటు పత్రంలో గ్రాంథిక నిర్బంధాన్ని ఎదిరించాడు. మరుసటి ఏడే కన్నుమూశాడు. 1918 మే నెలలో చైనాలో లూసున్ 'పిచ్చివాని డైరీ' అచ్చయింది. ఒకరినొకరు ఎరుగని ఈ ఇద్దరి ముందూ నిలిచిన సమస్య ఒక్కటే: రాతభాష పండితవర్గం సొత్తుగా ఉన్నంతకాలం విజ్ఞానం కూడా ఆ వర్గం సొత్తే.

లూసున్ కథ మూలంలో రెండు భాషల్లో నడుస్తుంది. ముందుమాట ప్రాచీన గ్రాంథికం. రోగికి నయమై, సర్కారు కొలువు కోసం వెళ్ళాడని అది నింపాదిగా చెబుతుంది. డైరీ మాత్రం వాడుక భాష. నీతిగ్రంథాల పంక్తుల నడుమ నరభక్షణను చూసినవాడి ఆక్రందన అది. సత్యం పలికినది పిచ్చివాని వాడుక భాష. ఆ సత్యాన్ని రోగమని కొట్టివేసినది పండితభాష. భూస్వామ్య సమాజంపై లూసున్ విమర్శ ఈ తేడాలోనే ఉంది.

చైనా సాహిత్యం మనకు ఎక్కువగా ఇంగ్లీషు మీదుగా వచ్చింది. ఆ దారిలో ఈ తేడా చెరిగిపోవడం సులభం. కాని గ్రాంథిక, వ్యావహారిక వివాదాన్ని స్వయంగా నడిపిన తెలుగుకు ఆ నష్టం పూడ్చుకొనే శక్తి ఉంది. ముందుమాటను చిన్నయసూరి ఒరవడిలో, డైరీని ఇంటి మాటల్లో అనువదిస్తే లూసున్ వ్యంగ్యం మన పాఠకునికి చెవినపడగానే బోధపడుతుంది. గురజాడ పోరాటఫలితాన్ని ఈ పనికి వినియోగించడం మన అనువాదకుల బాధ్యత.