ముఖాన్ని తిరిగి తెచ్చిన విద్య

మొదటి ప్రపంచ యుద్ధం ఎందరో సైనికులకు ప్రాణాలు మిగిల్చి ముఖాలను హరించింది. కందకం నుండి తల ఎత్తితే గాయం తరచూ ముఖానికే తగిలేది. అట్టివారి కోసమే 1917లో ఇంగ్లాండులోని సిడ్‌కప్‌లో క్వీన్స్ ఆసుపత్రి వెలసింది. న్యూజిలాండులో జన్మించిన హెరాల్డ్ గిల్లీస్ అక్కడ రోగి చర్మాన్నే గొట్టంవలె చుట్టి, రక్తప్రసరణ తెగకుండా గాయం వద్దకు చేర్చి, దశలవారీగా ముఖాన్ని పునర్నిర్మించాడు. ఆ దశలను ఛాయాచిత్రాలలో భద్రపరచి, 1920లో గ్రంథంగా వెలువరించాడు. బాటసారులు ఉలికిపడకుండా ఆ రోగులు కూర్చునే వీధి బల్లలకు నీలిరంగు వేసిన ఊరది. వీధి చూడలేని ముఖాలను కెమెరా నిదానంగా చూసింది.

ఈ విద్యకు మన దేశంతో పాత బంధుత్వముంది. టిప్పు సుల్తాన్ సైనికుల చేత ముక్కు కోల్పోయిన కవాస్‌జీ అనే బండివానికి పుణె ప్రాంతపు శస్త్రకారుడొకడు నుదుటి చర్మంతో కొత్త ముక్కు నిర్మించాడు. 1794లో లండన్‌లోని జెంటిల్‌మన్స్ మ్యాగజైన్ ఆ వృత్తాంతాన్ని బొమ్మతో ప్రకటించగా, 1814లో జోసెఫ్ కార్ప్యూ అక్కడ ఆ పద్ధతిని అనుసరించాడు. కథనంలో కవాస్‌జీ పేరుంది. ముక్కు నిలిపినవాని పేరు లేదు. సిడ్‌కప్ చిత్రాలను చూసేటప్పుడు పేరు దక్కని ఆ చేతిని కూడా స్మరించడం మన విధి.