బనూ మూసా నీటి ఉపాయాలు

మిద్దె మీది ట్యాంకు నిండగానే నీటి రాక దానంతటదే ఆగిపోతుంది. లోపల ఒక కడ్డీ చివర బోలు బంతి ఉంటుంది. మట్టం పెరిగేకొద్దీ బంతి తేలుతుంది. కడ్డీ గొట్టపు నోటిని అదిమి మూస్తుంది. నీళ్లు వాడుకోగానే బంతి దిగి, నోరు తెరుచుకుంటుంది.

ఇటువంటి ఏర్పాట్లను హిజ్రీ మూడవ శతాబ్దంలో, అనగా క్రీ.శ. 9వ శతాబ్దంలో, బాగ్దాదులో ముగ్గురు సోదరులు ఎన్నో విధాల ప్రయోగించారు. మూసా బిన్ షాకిర్ కుమారులైన ముహమ్మద్, అహ్మద్, హసన్‌లను చరిత్ర 'బనూ మూసా' అంటుంది. సుమారు 850 నాటి వారి 'కితాబుల్ హియల్'లో దాదాపు నూరు పరికరాల వర్ణన ఉంది.

'హియల్' అన్నది 'హీలా'కు బహువచనం. ఉర్దూలో 'హీలా బహానా' అంటాము గనుక, ఇదేదో సాకుల పుస్తకమని మనవారు భ్రమపడే అవకాశముంది. ఇక్కడ 'ఉపాయం' అన్న తెలుగు మాటే సరిపోతుంది. నిజానికి అందులో చాలా భాగం విందులలో అతిథులను అబ్బురపరచే మాయకూజాలే. అయితే పశువులు తాగినకొద్దీ తిరిగి నిండే తొట్టి కూడా ఉంది. మన ట్యాంకు చేసే పని అదే.

ఇవన్నీ ముస్లింలే మొదట కనుగొన్నారని సభలలో చెప్పడం వింటుంటాము. అది సరికాదు. తేలే బంతి, వంపు గొట్టం గ్రీకులకు ముందే తెలుసు; ఫైలో, హీరోన్ వాటిని గురించి రాశారు. బనూ మూసా ఘనత వేరొకటి. వారు గ్రీకు గ్రంథాలను తెప్పించి, అరబీలోకి అనువదింపజేశారు. అనువాదకులకు నెలకు సుమారు 500 దీనార్లు వెచ్చించేవారని ఇబ్నున్నదీమ్ 'ఫిహ్రిస్త్' చెబుతుంది (మా వృత్తివారికి అసూయ కలిగించే సంగతి!). తెలుసుకున్నదానితో ఆగక, గరాటు ఆకారపు మూతలను, తేలే బంతులను కలిపి, మనిషి చేయి పడకుండా నీరు తనను తానే అదుపు చేసుకునే ఏర్పాట్లను పెంచుకుంటూ పోయారు. అరువు తెచ్చుకున్నామని ఒప్పుకుంటేనే వారు చేర్చినది మన కంటికి కనిపిస్తుంది.

1206లో దియార్‌బకర్‌లో అల్ జజరీ తన గ్రంథాన్ని ముగించాడు. వుజూకు సేవకులు నీళ్లు పోయడం తన ప్రభువుకు నచ్చదని, అందుకే ఒక పరికరం చేయమన్నాడని అందులో రాశాడు. ఆ గ్రంథంలోనే చేతులు కడుగుకునే నెమలి ఒకటి ఉంది. వాడిన నీరు అడుగున చేరి తేలే బిళ్లను లేపుతుంది. తలుపు తెరుచుకుని ఒక బొమ్మ సబ్బు అందిస్తుంది. నీరు ఇంకా పెరిగితే మరో బొమ్మ తువ్వాలుతో వస్తుంది.