హేన్స్, జాన్ రాండాల్ఫ్

జాన్ రాండాల్ఫ్ హేన్స్ (1853–1937) అమెరికాకు చెందిన వైద్యుడు, సంపన్నుడు, సంఘ సంస్కర్త. కాలిఫోర్నియాలో ప్రత్యక్ష ప్రజాస్వామ్య ఉద్యమానికి సారథి.

పెన్సిల్వేనియాలో జన్మించి, అక్కడే వైద్యం చదివిన హేన్స్ 1887లో లాస్ ఏంజెలెస్‌లో స్థిరపడ్డారు. వైద్యవృత్తితోపాటు భూములపై పెట్టిన పెట్టుబడులు ఆయనకు అపార సంపద తెచ్చాయి. క్రైస్తవ సామ్యవాద భావాలు ఆయనను సంస్కరణల వైపు నడిపించాయి.

ఆ రోజుల్లో కాలిఫోర్నియా రాజకీయాలను సదరన్ పసిఫిక్ రైల్వే కంపెనీ శాసించేది. ఈ పెత్తనానికి విరుగుడుగా మూడు హక్కులు ఓటర్లకే దక్కాలని హేన్స్ పోరాడారు. అవి: సంతకాలు సేకరించి చట్టాన్ని ప్రతిపాదించే ఇనీషియేటివ్, చట్టసభ చేసిన చట్టంపై ప్రజల తీర్పు కోరే రెఫరెండం, పదవీకాలం ముగియకముందే ప్రతినిధిని తొలగించే రీకాల్. ఇందుకోసం డైరెక్ట్ లెజిస్లేషన్ లీగ్‌ను నడిపి, సొంత సొమ్ము వెచ్చించారు.

1903లో లాస్ ఏంజెలెస్ నగర చార్టర్‌లో ఈ మూడూ చేరాయి. రీకాల్‌ను ప్రవేశపెట్టిన తొలి అమెరికా నగరం ఇదే. 1904లో ఒక కౌన్సిల్ సభ్యుడు ఈ పద్ధతిలో పదవి కోల్పోయాడు. 1909లో అవినీతి ఆరోపణలు ఎదుర్కొన్న మేయర్ ఆర్థర్ హార్పర్ రీకాల్ ఎన్నికకు ముందే రాజీనామా చేశాడు. గవర్నర్ హైరమ్ జాన్సన్ హయాంలో, 1911 అక్టోబరు 10న, ఓటర్లు ఈ హక్కులను రాష్ట్ర రాజ్యాంగంలో చేర్చారు.

హేన్స్, భార్య డోరా 1926లో స్థాపించిన ఫౌండేషన్ సామాజిక పరిశోధనలకు నేటికీ నిధులు సమకూరుస్తోంది. 2003లో గవర్నర్ గ్రే డేవిస్‌ను ఓటర్లు పదవి నుంచి తొలగించింది రీకాల్ హక్కుతోనే.